ప్రసిద్ధులు రాసిన పుస్తకాన్ని చదివే పద్ధతి

మనకు ఇష్టమైన గాయకుడో, పేరున్న శాస్త్రవేత్తో, టీవీలో ఏళ్ల తరబడి చూసిన వ్యాఖ్యాతో పుస్తకం రాశారని తెలిస్తే వెనకాముందూ చూడకుండా కొనేస్తాం. అట్టమీది ముఖం చూసి కొన్న ఆ పుస్తకం నలభయ్యో పేజీ దగ్గర ఆగిపోయి బీరువాలో చేరడం చాలా ఇళ్లలో జరిగేదే. మా కాలనీ గ్రంథాలయంలో నెలకొకసారి కూర్చుని ఇలాంటి పుస్తకాలు చదువుకునే ఒక చిన్న బృందం ఉంది. ఆ చదువులో మాకు అలవాటైన పద్ధతిని కొత్తగా మొదలుపెట్టేవారికి పనికొస్తుందని ఇక్కడ వివరంగా రాస్తున్నాను. ఆ మనిషి ఏ పనివల్ల మనకు తెలిశారో ఆ పని గురించి పుస్తకం ఏం చెబుతున్నదో వెతికి పట్టుకోవడమే ఇందులో అసలు సంగతి అని నేను గట్టిగా నమ్ముతాను. మిగిలిన జాగ్రత్తలన్నీ ఆ వెతుకులాటకు సాయం చేసేవే.

మొదట చూడవలసింది: రాసింది ఎవరు

పుస్తకం చేతికి రాగానే మొదటి అధ్యాయానికి వెళ్లకుండా ముద్రణ వివరాలున్న లోపలి పేజీని, ముందుమాటను, ఆ తరువాత కృతజ్ఞతల పేజీని చదవాలి. ప్రసిద్ధుల పుస్తకాల్లో చాలా వాటికి ఇద్దరు రచయితలుంటారు, రెండో పేరు ఒక్కోసారి అట్టమీద చిన్న అక్షరాల్లో, ఒక్కోసారి ముందుమాటలో మాత్రమే కనిపిస్తుంది. అబ్దుల్ కలాం ఆత్మకథ ‘వింగ్స్ ఆఫ్ ఫైర్’ 1999లో హైదరాబాదులోని యూనివర్సిటీస్ ప్రెస్ ప్రచురించిన పుస్తకం. దానిని ఆయనతో కలిసి రాసిన అరుణ్ తివారీ హైదరాబాదులోని రక్షణ పరిశోధన సంస్థలో ఆయన దగ్గర పనిచేసిన వ్యక్తి. వాడ్రేవు చినవీరభద్రుడు దానిని ‘ఒక విజేత ఆత్మకథ’ పేరుతో తెలుగులోకి తెచ్చారు. అంటే తెలుగులో చదివే మనకు ఒక వాక్యం మీద మూడు చేతులు పడ్డాయన్నమాట. అనుభవం కలాంది, ఇంగ్లీషు కూర్పులో తివారీ చేయి ఉంది, తెలుగు పలుకుబడి అనువాదకుడిది. ఒక మాట బాగుందని గీత గీసుకునే ముందు అందులో ఎవరి భాగం ఎంతో ఒక్క క్షణం ఆలోచించడం మంచిది.

భౌతిక శాస్త్రవేత్త రిచర్డ్ ఫైన్‌మన్ పేరుతో 1985లో వచ్చిన జ్ఞాపకాల పుస్తకం తయారైన తీరు వేరు. ఆయనతో కలిసి డ్రమ్ములు వాయించిన స్నేహితుడు రాల్ఫ్ లైటన్, ఏడేళ్లపాటు ఆ వాయిద్యాల మధ్య ఫైన్‌మన్ చెప్పిన కబుర్లను సేకరించి పుస్తకంగా కూర్చారు. నలుగురిలో పదిసార్లు చెప్పిన కథ ప్రతిసారీ కొంచెం నునుపు తేలుతుంది, నవ్వు వచ్చే చోటు స్థిరపడుతుంది, అడ్డం వచ్చే వివరాలు రాలిపోతాయి. అరుగుమీద పెద్దవాళ్లు చెప్పే కథలు విని పెరిగినవారికి ఈ సంగతి వేరే చెప్పనక్కరలేదు. అలాంటి పుస్తకంలో మనిషి స్వభావం నిండుగా దొరుకుతుంది. తేదీలకు, ఎదుటివారు అన్న మాటలకు మాత్రం దానినొక్కదాన్నే నమ్ముకోకూడదు.

రెండో చేయి ఉండడం తప్పేమీ కాదు. పాడడం వచ్చినవారికల్లా రాయడం రావాలన్న నియమం లేదు. ఎవరు చెప్పారు, ఎవరు రాశారు అన్నది పుస్తకంలోనే నిజాయితీగా ఉంటే పాఠకుడు ఏ మాటను ఎలా తీసుకోవాలో నిర్ణయించుకోగలడు.

మనవాళ్లలో ఇంకొక రకం వారున్నారు, వారిని వేరే కొలతతో చదవాలి. భానుమతీ రామకృష్ణ నటి, గాయని, దర్శకురాలు. 1953లో ‘చండీరాణి’ని తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లోనూ తానే తీశారు. వీటన్నిటితోపాటు ఆమె స్వతహాగా రచయిత్రి. ‘అత్తగారి కథలు’లో కథ చెప్పే కోడలు ‘నేను’ అనే అంటుంది కాబట్టి, అదంతా భానుమతి ఇంటి విషయమే అనుకునే పాఠకులు ఇప్పటికీ కనిపిస్తారు. అది కల్పిత కథ. ఆమె స్వీయచరిత్ర ‘నాలో నేను’ వేరే పుస్తకం. ఈ రెండింటిలోని ‘నేను’ ఒకటి కాదని గుర్తుంచుకుని పక్కపక్కన పెట్టి చదివితే, ఒక మంచి రచయిత్రి తన గురించి చెప్పేటప్పుడు గొంతు ఎక్కడ తగ్గిస్తుందో, పాత్ర చేత చెప్పించేటప్పుడు ఎక్కడ స్వేచ్ఛ తీసుకుంటుందో తెలిసివస్తుంది.

కాలాన్ని గీత గీసి చూడడం

నోటుపుస్తకంలో ఒక పేజీ అడ్డంగా తిప్పి పొడవాటి గీత గీయండి. గీత మీద ఆ వ్యక్తి పుట్టిన సంవత్సరం, పేరు తెచ్చిన పని జరిగిన సంవత్సరం, పుస్తకం రాసిన సంవత్సరం, అచ్చయిన సంవత్సరం గుర్తుపెట్టండి. గీతకు కింద పుస్తకంలో వచ్చిన సంవత్సరాలకు మాత్రం రంగు వేయండి. పది నిమిషాల పని ఇది, అయినా దీనివల్ల తెలిసేది చాలా ఉంటుంది.

హరికథా పితామహుడు ఆజ్జాడ ఆదిభట్ల నారాయణదాసు 1864లో పుట్టి 1945లో కాలం చేశారు. 1919లో విజయనగరంలో మొదలైన సంగీత కళాశాలకు మొదటి అధ్యక్షుడు ఆయనే. కాని ఆయన స్వీయచరిత్ర ‘నా యెఱుక’ సుమారు ముప్పయ్యేళ్ల వయసు దగ్గరే ఆగిపోతుంది. కళాశాల రోజుల కోసం, ద్వారం వెంకటస్వామి నాయుడు వంటి విద్వాంసులతో గడిపిన కాలం కోసం ఆ పుస్తకం తెరిచినవారికి నిరాశే మిగులుతుంది. గీత గీసుకున్నవారు అందులో ఉన్నదానికోసం, అంటే పేరు రాకముందు ఒక కళాకారుడు ఎలా తయారయ్యాడన్నదానికోసం, ఆశగా చదువుతారు. అమెరికన్ గాయకుడు బాబ్ డిలన్ 2004లో వెలువరించిన జ్ఞాపకాలు కూడా 1960ల తొలినాళ్ల నుంచి 1970 దగ్గరికి, అక్కడినుంచి 1980ల చివరికి దూకుతాయి, అభిమానులు ఎక్కువగా తెలుసుకోవాలనుకునే 1965, 66 సంవత్సరాలను దాదాపు తాకవు. రంగు పడని చోటు కూడా రచయిత చేసిన ఎంపికే.

ఏ ముద్రణ అన్నది కూడా చూసుకోవాలి. చార్లెస్ డార్విన్ 1876 వేసవిలో, మే చివరి నుంచి ఆగస్టు మొదటి వారం వరకు, రోజుకు ఒక గంట చొప్పున తన పిల్లల కోసం ఆత్మకథ రాసుకున్నాడు. ఆయన పోయిన ఐదేళ్లకు, 1887లో, కొడుకు ఫ్రాన్సిస్ దానిని అచ్చు వేయించినప్పుడు మతం గురించి తండ్రి రాసుకున్న మాటల్లో కొన్నింటిని, బతికున్నవారిని నొప్పించే వ్యాఖ్యలను తీసేశారు. ఆ తీసివేత వెనుక డార్విన్ భార్య ఎమ్మా కోరిక ఉంది. మనవరాలు నోరా బార్లో వాటిని తిరిగి చేర్చి పూర్తి పాఠాన్ని 1958లో ప్రచురించారు. మధ్యలో డెబ్బై ఏళ్ల పాటు లోకం చదివింది కుటుంబం సరిదిద్దిన డార్విన్‌ను. అందుచేత పాత పుస్తకాల దుకాణంలో ఒక స్వీయచరిత్ర దొరికినప్పుడు ‘సంక్షిప్తం’, ‘పరిష్కృతం’ అన్న మాటలు ఎక్కడైనా ఉన్నాయేమో లోపలి పేజీలో వెతకండి.

పని కనిపించే పేజీలు

ఇక పుస్తకం చదవడం. మొదటి చదువులో పెన్సిలుతో ఒకే ఒక గుర్తు పెట్టమంటాను: రచయిత తన పనిని చేతులతో చేస్తూ కనిపించిన ప్రతి పేరా పక్కన ఒక చిన్న నిలువు గీత. బిరుదులు, సన్మానాలు, పెద్దవారితో దిగిన ఫొటోల వర్ణనలు ఎన్ని పేజీలున్నా వాటికి గీత పడదు. మూడు వందల పేజీల పుస్తకంలో గీతలు పది కూడా దాటకపోతే రెండోసారి చదవవలసిన అవసరం ఉండదు.

కలాం పుస్తకంలో ఉపగ్రహాన్ని మోసుకెళ్లే రాకెట్ ఎస్‌ఎల్‌వీ–3 గురించిన అధ్యాయాల పక్కన వరుసగా గీతలు పడతాయి. నెల్లూరు జిల్లాలో (ఇప్పుడు తిరుపతి జిల్లా) ఉన్న శ్రీహరికోట నుంచి 1979 ఆగస్టు 10న బయలుదేరిన ఆ 22 మీటర్ల, 17 టన్నుల రాకెట్, ఒక వాల్వు లోపం వల్ల అదుపు తప్పి 317 సెకన్లకు బంగాళాఖాతంలో పడింది. 1980 జూలై 18న రెండో ప్రయత్నంలో రోహిణి ఉపగ్రహం కక్ష్యలో చేరింది. ఈ రెండు తేదీల మధ్య ఏం జరిగింది, లోపాన్ని ఎలా వెతికారు, ఎవరు బాధ్యత తీసుకున్నారు, మళ్లీ ప్రయోగించడానికి ధైర్యం ఎక్కడినుంచి వచ్చింది అన్న ప్రశ్నలతో ఆ పేజీలను నెమ్మదిగా చదవండి. ఆనాటి వైఫల్యానికి పత్రికల ముందు అప్పటి ఇస్రో అధ్యక్షుడు సతీశ్ ధావన్ తానే బాధ్యత తీసుకున్న సంగతిని కలాం తరువాతి ప్రసంగాల్లో ఎన్నోసార్లు చెప్పారు. ఆ ప్రసంగాలు విని, పుస్తకంలోని కథనంతో పోల్చి చూడడం మంచి అభ్యాసం.

సంగీతకారుల పుస్తకాన్ని చెవులు మూసుకుని చదవకూడదు. పండిత్ రవిశంకర్ 1968లో ప్రచురించిన ‘మై మ్యూజిక్, మై లైఫ్’లో జీవితకథతోపాటు సితార్ నేర్చుకునేవారికి పాఠాలు కూడా ఉన్నాయి. అలాంటి పుస్తకం చదువుతూ రాగం పేరు వచ్చిన చోట ఆగి, ఆయన వాయించిన ఆ రాగాన్ని ఒక పావుగంటైనా విన్న తరువాతే పేజీ తిప్పాలి. మన తెలుగులో సంగీతాన్ని, సైన్సును ఒకే చేత్తో రాసినవారు కొడవటిగంటి రోహిణీప్రసాద్. ముంబైలో భాభా అణు పరిశోధన కేంద్రంలో శాస్త్రవేత్తగా పనిచేసి, సితార్ వాయిస్తూ, రెండు విషయాల మీదా మామూలు పాఠకులకు అర్థమయ్యే తెలుగులో విరివిగా రాసి 2012లో మరణించారు. అలాంటివారి రచనలు చదివేటప్పుడు ఇంట్లో చేసి చూసుకోగలిగిన ఒక పరీక్ష ఉంది.

షడ్జం, అంటే ‘స’, సెకనుకు 240 కంపనాలు అనుకుందాం. పంచమం, అంటే ‘ప’, దానికి ఒకటిన్నర రెట్లు, 360. తారషడ్జం, అంటే పై స్థాయి ‘స’, రెట్టింపు, 480. అంతర గాంధారం, అంటే ‘గ’లో ఒక రకం, ఐదు బై నాలుగు వంతున 300. ఇప్పుడు హార్మోనియం తీసుకోండి. అందులో స్థాయిని పన్నెండు సమాన నిష్పత్తులుగా విభజించి శ్రుతి చేస్తారు కాబట్టి పంచమం 359.6 దగ్గర, అంటే తేడా తెలియనంత దగ్గరగా ఉంటుంది. గాంధారం మాత్రం 302.4కు పోతుంది. తంబూరాలో మంద్రషడ్జం తీగ మీటినప్పుడు దానంతట అదే పలికే అంతర గాంధారాన్ని జాగ్రత్తగా విని, ఆ పక్కనే హార్మోనియం గాంధారం నొక్కితే రెండూ కలవక చిన్నగా అల వంటి కదలిక వినిపిస్తుంది. ఫోన్‌లో తంబూరా యాప్ ఉన్నా చాలు. శాస్త్రీయ సంగీతానికి హార్మోనియం పనికివస్తుందా లేదా అని విద్వాంసులు ఎందుకంతగా వాదించుకున్నారో పది పేజీలు చదివినా రాని స్పష్టత ఆ అర నిమిషంలో వస్తుంది. పుస్తకంలోని మాటను ఇలా చెవితోనో, చేత్తోనో సరిచూసుకునే అవకాశం ఎక్కడ దొరికినా వదులుకోకండి.

ఒకే సంఘటన, మూడు పుస్తకాలు

ఈ పద్ధతి మొత్తాన్ని ఒకేచోట నేర్చుకోవాలంటే డీఎన్‌ఏ నిర్మాణాన్ని కనుగొన్న కథ కంటే మంచి పాఠం నాకు తెలియదు. 1953 ఏప్రిల్ 25న ‘నేచర్’ పత్రికలో ఆ నిర్మాణం ప్రచురితమైంది. ఆ పనికి 1962లో శాస్త్రవేత్తలు జేమ్స్ వాట్సన్, ఫ్రాన్సిస్ క్రిక్, మారిస్ విల్కిన్స్ ముగ్గురికీ నోబెల్ వచ్చింది. ముగ్గురూ పుస్తకాలు రాశారు: వాట్సన్ 1968లో, క్రిక్ 1988లో, విల్కిన్స్ 2003లో. ఆ నిర్మాణానికి కీలకమైన ఎక్స్‌రే చిత్రాలు తన ప్రయోగశాలలో సాధించిన రోజలిండ్ ఫ్రాంక్లిన్ మాత్రం 1958లో 37 ఏళ్లకే కన్నుమూసింది. ఆమె చెప్పవలసిన పుస్తకం లేదు.

ముందుగా వాట్సన్ రాసిన ‘ది డబుల్ హెలిక్స్’ చదవండి, ఒక నవలలా పరుగెత్తుతుంది. అప్పటికి ఇరవై నాలుగేళ్ల కుర్రవాడిగా తనకు మనుషులు ఎలా కనిపించారో అలాగే రాస్తున్నానని ఆయన ముందుమాటలోనే చెప్పారు. ఈ మాటను దాటేసి చదివినవారు ఆ కుర్రవాడి అభిప్రాయాలనే చరిత్ర అనుకుంటారు. ఫ్రాంక్లిన్‌ను ఆయన పుస్తకమంతా ‘రోజీ’ అంటారు, ఆమె ఎదుట ఎవరూ ఆ పేరుతో పిలిచేవారు కాదు. ఆమె దుస్తుల గురించి, కోపం గురించి ఉన్నన్ని వాక్యాలు ఆమె పని గురించి ఉండవు. చివరి ఉపసంహారంలో మాత్రం ఆమె గురించి తన తొలి అభిప్రాయాలు చాలావరకు తప్పని ఒప్పుకుంటారు. ముందుమాట, ఉపసంహారం రెండూ ముందే చదివి, తరువాత లోపలికి వెళ్లమని నేను చెప్పడం ఇందుకే. రాతప్రతి చూసి క్రిక్, విల్కిన్స్ అభ్యంతరం చెప్పడంతో హార్వర్డ్ విశ్వవిద్యాలయ ముద్రణాలయం ప్రచురణ నుంచి తప్పుకుంది, వేరే సంస్థ దానిని అచ్చు వేసింది. పక్కనే పనిచేసినవారు ఒప్పుకోని పుస్తకమని తెలిసి చదవడానికి, తెలియక చదవడానికి చాలా తేడా ఉంది.

ఇప్పుడు నోటుపుస్తకంలో ఒక పేజీని మూడు నిలువు గడులుగా విభజించి, పైన ఒకే ఒక సంఘటన రాయండి: ‘1953 జనవరి, 51వ నంబరు చిత్రం’. ఫ్రాంక్లిన్ పర్యవేక్షణలో పరిశోధక విద్యార్థి రేమండ్ గాస్లింగ్ 1952 మేలో తీసిన ఆ చిత్రాన్ని, ఆమెకు తెలియకుండా, అదే ప్రయోగశాలలో పనిచేస్తున్న విల్కిన్స్ వాట్సన్‌కు చూపించారు. వాట్సన్ గడిలో ఆ చిత్రం చూసిన క్షణం ఒక మెరుపులా ఉంటుంది. విల్కిన్స్ గడిలో సంజాయిషీ ఉంటుంది: ఫ్రాంక్లిన్ ఆ ప్రయోగశాల వదిలి వెళ్లబోతున్న రోజుల్లో గాస్లింగే తనకు ఆ చిత్రం అందించాడని, అది తన చేతికి సక్రమంగానే వచ్చిందని ఆయన రాశారు. క్రిక్ పుస్తకంలో డీఎన్‌ఏ కథ ఒక భాగం మాత్రమే. ఆయనకు మనుషుల గొడవల కంటే ఆ అణువు అందం మీదే దృష్టి, తాము దానిని ప్రసిద్ధం చేయడం కంటే అదే తమను ప్రసిద్ధులను చేసిందని ఆయన అభిప్రాయం. మూడు గడులు నిండాక పక్కన నాలుగో గడి ఖాళీగా గీసి ఫ్రాంక్లిన్ పేరు రాయండి. ఆమె స్నేహితురాలు ఆన్ సేర్ 1975లో, బ్రెండా మాడాక్స్ 2002లో రాసిన జీవితచరిత్రలు ఆ గడిని నింపడానికి పనికివస్తాయి. మా బృందం ఈ పేజీ నింపడానికి నాలుగు నెలలు తీసుకుంది, ఆ నాలుగు నెలలూ మాకు బాగా గుర్తున్నాయి.

తన పొలిమేర దాటినప్పుడు

ఒక రంగంలో సంపాదించిన పేరు మరొక రంగంలో సాక్ష్యంగా నిలబడదు. అమెరికన్ శాస్త్రవేత్త లైనస్ పాలింగ్‌కు 1954లో రసాయనశాస్త్రంలో, 1962 సంవత్సరానికి శాంతికి నోబెల్ బహుమతులు వచ్చాయి. రసాయన బంధం గురించి ఆయన రాసింది ఈనాటికీ పునాది. 1970లో ఆయన విటమిన్ సి జలుబును ఆపుతుందంటూ ఒక పుస్తకం రాశారు, అది విపరీతంగా అమ్ముడుపోయింది. తరువాత జరిగిన పరీక్షల్లో, రోజూ విటమిన్ సి మాత్రలు వేసుకున్నా మామూలు జనానికి జలుబు రావడం తగ్గలేదని, వచ్చిన జలుబు మాత్రం కొద్దిగా త్వరగా తగ్గుతున్నదని తేలింది. పుస్తకం రాసినవారి గొప్పతనం మారలేదు, ఆయన మాట మందుగా పనిచేయలేదు, అంతే. ఆరోగ్యం, ఆహారం, పెట్టుబడి వంటి విషయాల్లో ప్రసిద్ధులు సలహా ఇచ్చే పుస్తకం చేతికి వస్తే, అట్టమీది పేరును కాగితంతో మూసి, ఈ మాట పేరులేని మనిషి చెప్పినా నమ్ముతామా అని అడగండి. మందుల విషయమైతే డాక్టరును అడగకుండా ఆచరించవద్దు.

పొలిమేర దాటినవారందరూ తప్పు చేస్తారని కాదు. బ్రిటిష్ రాక్ సంగీత బృందం ‘క్వీన్’ గిటారిస్టు బ్రయాన్ మే, 1970లలో మధ్యలో వదిలేసిన ఖగోళ పరిశోధనను మూడు దశాబ్దాల తరువాత పూర్తిచేసి 2007లో డాక్టరేటు పొందారు. సూర్యుడి చుట్టూ తిరిగే ధూళి గురించిన ఆ సిద్ధాంత వ్యాసం పుస్తకంగా కూడా వచ్చింది. ఆయన ఖగోళశాస్త్రం రాస్తే అది గిటారిస్టు సరదా కాదు. రచయిత ఆ రెండో రంగంలో ఎవరి దగ్గర, ఎన్నాళ్లు పనిచేశారు, ఆ పనిని ఎవరు పరీక్షించారు అన్నది కనుక్కుంటే చాలు.

టీవీ నుంచి వచ్చిన పుస్తకాలకు ఒక చిన్న సూచన. అమెరికన్ ఖగోళ శాస్త్రవేత్త కార్ల్ సేగన్ ‘కాస్మోస్’ 1980లో పదమూడు భాగాల ధారావాహికగానూ, పదమూడు అధ్యాయాల పుస్తకంగానూ వచ్చింది. ఇలాంటి వాటిని వారానికి ఒక అధ్యాయం, దాని వెంటనే ఆ భాగం చొప్పున చదివి చూడడం పిల్లలున్న ఇళ్లలో చాలా బాగుంటుంది. దూరదర్శన్‌లో విశ్వాన్ని పరిచయం చేసిన జయంత్ నార్లీకర్ మరాఠీలో రాసుకున్న ఆత్మకథకు 2014లో కేంద్ర సాహిత్య అకాడెమీ పురస్కారం వచ్చింది. శాస్త్రవేత్త మాతృభాషలో రాస్తే సాహిత్యం దానిని తనదిగా స్వీకరిస్తుందనడానికి అది మంచి ఉదాహరణ. మనకూ అలాంటి గౌరవం దక్కిన పుస్తకముంది. ఆకాశవాణిలో జీవితం గడిపిన సంగీతకర్త బాలాంత్రపు రజనీకాంతరావు రాసిన ‘ఆంధ్ర వాగ్గేయకార చరిత్రము’కు 1961లో అదే అకాడెమీ పురస్కారం లభించింది. ఆయన స్వరపరచిన పాటలు తెలిసినవారిలో ఎందరో ఈ పుస్తకం చూసి ఉండరు, వెతికి చదవవలసిన పుస్తకం.

చివరగా నోటుపుస్తకం గురించి. తెలుగు పుస్తకాలకు వెనక పదసూచిక ఉండడం అరుదు. సొంత ప్రతి అయితే చివరి ఖాళీ పేజీలో మీరే ఒక సూచిక తయారుచేసుకోండి: గురువుల పేర్లు ఒక వరుస, ఊళ్లు ఒక వరుస, వాయిద్యాలు, పరికరాలు, ప్రయోగాలు ఇంకొక వరుస, ఒక్కోదాని పక్కన పేజీ నంబర్లు. గ్రంథాలయం పుస్తకమైతే అందులో ఏమీ రాయకుండా, ఇదే సూచికను విడి కాగితం మీద రాసి పుస్తకంలో పెట్టి తిరిగి ఇవ్వండి. మా గ్రంథాలయంలో ‘నా యెఱుక’ ప్రతిలో ఎవరో పెన్సిలుతో రాసి మడిచి పెట్టిన అలాంటి కాగితం ఒకటి ఉంది, ఆ పుస్తకం తీసుకున్న ప్రతివారూ దానికి రెండు మూడు పేర్లు చేరుస్తున్నారు.